బోనులోని ప్రాణికి ఆకుకూర ఎలా పెట్టాలి?

ఇంటిల్లిపాది ఆరోగ్యం గురించి రాసే ఈ శీర్షికలో ఎలుకలకీ, తాబేళ్ళకీ పనేమిటని కొందరు పాఠకులకు అనిపించవచ్చు. కాని ఇంట్లో పెరుగుతున్న ప్రాణి ఏదైనా ఇంటిల్లిపాదిలో ఒకటే. దానికి జబ్బు చేస్తే పిల్లలు అన్నం మానేస్తారు. దాని వల్ల ఒక్కొక్కప్పుడు పిల్లలకే జబ్బు వస్తుంది. పైగా కుక్క, పిల్లి, చిలక అయితే ఏం పెట్టాలో ఇంట్లో పెద్దవాళ్ళకి తెలుసు. గినీ పిగ్గు, హామ్‌స్టరు, నీటి తాబేలు వంటి వాటిని కొనేవారే గాని, వాటికి ఏం పెట్టాలో తెలిసినవారు తక్కువ. అందువల్ల ఈ వారం వాటి సంగతే చెప్పుకుందాం. ముందు ఒక ఉత్తరం చూడండి.

ప్రశ్న: మా అమ్మాయికి పదకొండేళ్ళు. పుట్టినరోజుకని వాళ్ళ మామయ్య ఒక గినీ పిగ్గును కొనిచ్చాడు. అయిదు నెలలైంది. పిట్టలకు వేసే గింజలు, అన్నం, బ్రెడ్డు, బిస్కెట్లు పెడుతున్నాం. పచ్చివి పెడితే జలుబు చేస్తుందని ఎవరో అనటం వల్ల ఆకుకూరలు పెట్టలేదు. పది రోజులుగా అది ఒక మూల ముడుచుకుని కూర్చుంటోంది. వెనక కాళ్ళు ఈడుస్తోంది. ముట్టుకుంటే కీచుమని అరుస్తోంది. తిండి బాగా తగ్గింది. మా అత్తగారు దిష్టి తగిలిందంటున్నారు. మా పక్కింటివారు, పిల్లలకు జ్వరం వచ్చినప్పుడు వాడిన యాంటీబయాటిక్ సిరప్ మిగిలి ఉంటే రెండు చుక్కలు వెయ్యమంటున్నారు. అమ్మాయి బడికి కూడా సరిగా వెళ్ళటం లేదు. ఏం చెయ్యమంటారు?
- ఒక సోదరి, రాజమండ్రి

జవాబు: అమ్మా, మీ ఉత్తరం చేరి, నా జవాబు అచ్చయి మీ చేతికి వచ్చేసరికి ఆలస్యమవుతుందని మీకు వెంటనే విడిగా రాశాను. ఆ సిరప్ వెయ్యవద్దనీ, ఆ రోజే పశువుల డాక్టరు గారి దగ్గరకు తీసుకువెళ్ళమనీ రాశాను. ఇక్కడ చెప్పేది ఇటువంటి ప్రాణి ఉన్న మిగతా ఇళ్ళ వారి కోసం.

మీరు రాసిన లక్షణాలను బట్టి ముందుగా అనుమానించవలసింది 'సి' విటమిన్ లోపాన్ని. దీన్ని స్కర్వీ అంటారు. కుక్క, పిల్లి, ఆవు, మామూలు ఎలుక - ఇవన్నీ తమకు కావలసిన 'సి' విటమిన్‌ను తమ శరీరంలోనే తయారు చేసుకుంటాయి. మనిషి చేసుకోలేడు. గినీ పిగ్గూ చేసుకోలేదు. ఈ విషయంలో అది మనకు చుట్టమే. ప్రతిరోజూ తిండి ద్వారా అందకపోతే రెండు మూడు వారాల్లోనే లక్షణాలు కనిపించవచ్చు. కీళ్ళు వాస్తాయి, నొప్పి పెడతాయి. అందుకే కదలదు, ముట్టుకోనివ్వదు. బొచ్చు గరుకుగా తయారవుతుంది. చిగుళ్ళు చెడి, పళ్ళు కదులుతాయి. నమలలేక తిండి మానేస్తుంది. తిండి మానేస్తే లోపం ఇంకా ముదురుతుంది.

ఈ సంగతి కనిపెట్టిన కథ కూడా చెప్పుకోదగినదే. 1907లో నార్వే దేశంలో ఆక్సెల్ హోల్స్ట్, థియోడార్ ఫ్రోలిక్ అనే ఇద్దరు శాస్త్రజ్ఞులు, ఓడల్లో పనిచేసే నావికులకు వచ్చే ఒక జబ్బును పరిశీలిస్తూ గినీ పిగ్గులకు వట్టి ధాన్యపు తిండి పెట్టి చూశారు. వాటికి అచ్చం మనుషులకు వచ్చే స్కర్వీయే వచ్చింది. తాజా కూరగాయలు, పండ్లు పెడితే తగ్గింది. 'సి' విటమిన్ అనే పదార్థం చేతికి చిక్కటానికి ఈ ప్రయోగాలు దారి చూపాయి. మన ఆరోగ్యం కోసం ఇంత చేసి పెట్టిన ప్రాణికి, నూరేళ్ళు దాటాక కూడా, మన ఇళ్ళలో గింజలు, బ్రెడ్డు పెట్టి అదే జబ్బు తెప్పిస్తున్నాం!

ఎంత కావాలి?

ఆరోగ్యంగా ఉన్న గినీ పిగ్గుకు కిలో బరువుకు రోజుకు సుమారు 10 నుంచి 30 మిల్లీగ్రాముల 'సి' విటమిన్ కావాలి. ఇది పెద్ద లెక్కేమీ కాదు. బెంగుళూరు మిరప, అనగా క్యాప్సికం, వంద గ్రాముల్లో వంద మిల్లీగ్రాములకు కాస్త అటూ ఇటూ ఉంటుంది. అంటే రోజూ ఒక చిన్న ముక్క, దాంతోపాటు గుప్పెడు ఆకుకూర పెడితే సరిపోతుంది. జబ్బుపడ్డ ప్రాణికి మాత్రం మోతాదు డాక్టరు గారే నిర్ణయించాలి.

కొందరు విటమిన్ మాత్రను తాగే నీళ్ళలో కలుపుతారు. అది నీళ్ళలో కొద్ది గంటల్లోనే చెడిపోతుంది. నీళ్ళ రుచి మారి ప్రాణి తాగటం తగ్గించవచ్చు. కొందరు పిల్లలకు వాడే రకరకాల విటమిన్ల మాత్ర పెడతారు. అందులోని 'ఎ', 'డి' విటమిన్లు చిన్న ప్రాణికి ఎక్కువై హాని చేస్తాయి. ఆకుకూరను వండి పెట్టినా ప్రయోజనం లేదు. వేడికి 'సి' విటమిన్ చాలావరకు పోతుంది. పచ్చి ఆకు, తాజా ఆకు - ఇదే మందు, ఇదే తిండి.

ఆ సిరప్ సంగతి మరొక్కసారి చెబుతాను. పెన్సిలిన్, అమాక్సిసిలిన్, యాంపిసిలిన్ వంటి మందులు పిల్లలకు మంచివే. గినీ పిగ్గుకు, హామ్‌స్టరుకు నోటి ద్వారా ఇస్తే పేగుల్లోని మంచి సూక్ష్మజీవులు చచ్చిపోయి, చెడ్డవి విజృంభించి, ప్రాణమే పోవచ్చు. ఇంట్లో మిగిలిన ఏ మందునూ ఈ ప్రాణులకు వెయ్యకండి.

గిన్నెలో కాదు, వెతుక్కునేలా పెట్టండి

ఏం పెట్టాలో తెలిసినవారు కూడా ఎలా పెట్టాలో ఆలోచించరు. గినీ పిగ్గు పూర్వీకులు దక్షిణ అమెరికాలోని ఆండీస్ పర్వత ప్రాంతపు గడ్డి నేలల్లో బతికినవి. రోజులో ఎక్కువ భాగం మెల్లగా నడుస్తూ, ఇక్కడో పరక, అక్కడో ఆకు కొరుకుతూ పొట్ట నింపుకోవటం వాటి స్వభావం. అలాంటి ప్రాణి ముందు ఒకే గిన్నెలో తిండి పోసి పెడితే పది నిమిషాల్లో తినేసి, మిగతా రోజంతా ఊరికే కూర్చుంటుంది. కొవ్వు పడుతుంది. తోచక బోను ఊచలు కొరుకుతుంది, బొచ్చు పీక్కుంటుంది. పళ్ళు జీవితాంతం పెరుగుతూనే ఉంటాయి కనుక, నమిలే పని లేకపోతే అవి పొడుగై నోట్లో గుచ్చుకుంటాయి.

కనుక మేత వెతుక్కునే పని దానికి తిరిగి ఇవ్వండి. పైసా ఖర్చు లేని పద్ధతులు కొన్ని చెబుతాను.

1. ఆకుకూర ఒకేచోట పొయ్యకుండా నాలుగైదు చోట్ల చిన్న చిన్న గుప్పెళ్ళుగా పెట్టండి. రోజూ చోటు మార్చండి. రెండు ప్రాణులుంటే ఇది మరీ అవసరం. లేకపోతే బలమైనది బలహీనమైనదాన్ని తిననివ్వదు.

2. ఎండుగడ్డి కుప్పలో కొత్తిమీర రెమ్మలు దాచండి. వెతుకుతూ వెతుకుతూ గడ్డీ తింటుంది. అసలు ముఖ్యాహారం గడ్డే. అది ఎప్పుడూ అందుబాటులో ఉండాలి. వరిగడ్డి బాగా ముతక, పోషణ తక్కువ. పరుపుగా వెయ్యటానికి పనికి వస్తుంది గాని మేతగా చాలదు. గరిక, మెత్తని పచ్చిగడ్డి నీడన ఆరబెట్టి పెట్టుకోండి.

3. అట్టపెట్టెకు రెండు మూడు కంతలు చేసి, లోపల గడ్డి, ఆకులు కూరండి. పెట్టెకు ఉన్న పిన్నులు, అంటించిన టేపు ముందే తీసెయ్యాలి.

4. కూరకట్టను దారంతో కాకుండా బట్టల క్లిప్పుతో బోను ఊచకు, దాని మూతికి కొంచెం పైన తగిలించండి. మెడ చాచి అందుకుంటుంది. దారమైతే మింగుతుంది, లేదా కాలికి చుట్టుకుంటుంది.

5. ఎరువు, పురుగుమందు కలపని మట్టితో ఒక మూకుడులో మెంతులు చల్లండి. పది పన్నెండు రోజుల్లో మొలకలు చక్కగా లేస్తాయి. మూకుడు పళంగా బోనులో పెట్టండి. స్వయంగా మేస్తుంది. రెండు మూకుళ్ళుంటే ఒకటి మేస్తుండగా ఇంకొకటి పెరుగుతుంది. గరికను కూడా ఇలాగే పెంచవచ్చు. ఈ పని పిల్లలకు అప్పజెప్పండి. మొక్క పెంచటమూ వస్తుంది, ప్రాణిని కనిపెట్టుకుని ఉండటమూ వస్తుంది.

ఈ పద్ధతి వల్ల ఇంకొక లాభం ఉంది. రోజూ వెతికి తినే ప్రాణి ఒక పూట వెతకలేదంటే ఏదో తేడా వచ్చిందని మీకు వెంటనే తెలుస్తుంది. గినీ పిగ్గు ఒక పూటంతా ఏమీ తినలేదంటే మర్నాటి దాకా ఆగవద్దు. దాని పేగులు ఆగిపోతే తిరిగి కదిలించటం కష్టం.

హామ్‌స్టరు సంగతి వేరు. అది రాత్రివేళ తిరిగే ప్రాణి. ఆకులు సాయంత్రం పెట్టండి. బొటనవేలి గోరంత ముక్కలు రెండు మూడు చాలు, ఎక్కువైతే విరేచనాలు పట్టుకుంటాయి. దొరికినదల్లా బుగ్గ సంచుల్లో కుక్కుకుని పోయి గూట్లో దాచుకుంటుంది. దాచిన పచ్చి ఆకు కుళ్ళుతుంది. కనుక పొద్దున్నే గూడు చూసి తీసెయ్యాలి. కుందేలు ఎలుక జాతి కాదు గాని, గడ్డి, ఆకుల విషయంలో గినీ పిగ్గుకు చెప్పినవన్నీ దానికీ పనికి వస్తాయి.

ఏ ఆకు మంచిది, ఏది కాదు?

తరచుగా పెట్టదగినవి: గరిక, కొత్తిమీర, మెంతికూర, క్యారెట్ ఆకులు, పొడుగాటి ఆకుల లెట్యూస్. ముద్దగా ఉండే తెల్ల లెట్యూస్‌లో నీళ్ళు తప్ప బలం లేదు. హిందూపురం, మదనపల్లె వైపు వారికి మల్బరీ ఆకు సులభంగా దొరుకుతుంది. పట్టుపురుగులకే కాక ఈ ప్రాణులకూ అది మంచి మేత. అయితే మందు చల్లని తోటదై ఉండాలి.

వారానికి ఒకటి రెండుసార్లు, కొద్దిగా: తోటకూర, పాలకూర, చుక్కకూర, గోంగూర, గంగవాయిలి, పొన్నగంటి, బచ్చలి. ఇవి మనకు మంచివే. కాని వీటిలో ఆక్జలేట్లు అనే పదార్థాలు ఉంటాయి. అవి తిండిలోని కాల్షియాన్ని ఒంటికి పట్టనివ్వవు. మూత్రంలో రాళ్ళకూ కారణం కావచ్చు. మునగాకులో 'సి' విటమిన్ బాగా ఉన్నా కాల్షియం కూడా ఎక్కువే కనుక గినీ పిగ్గుకు వారానికి రెండు రెమ్మలు చాలు. క్యాబేజీ, కాలిఫ్లవర్ ఆకులు కడుపుబ్బరం చేస్తాయి కనుక ఎప్పుడైనా ఒక ముక్క మాత్రమే.

బొత్తిగా పనికిరానివి: ఉల్లికాడలు, వెల్లుల్లి, బంగాళాదుంప ఆకులు, టొమాటో ఆకులు, చేమ ఆకులు. ఇళ్ళలో అలంకారానికి పెంచే మనీ ప్లాంటు, పెరట్లోని గన్నేరు, ఉమ్మెత్త, జిల్లేడు దగ్గరకు కూడా పోనివ్వకండి. గన్నేరు విషం ప్రాణం తీస్తుంది.

బజారు కూరను రెండు మూడు నీళ్ళలో బాగా కడిగి, నీళ్ళు విదిలించి పెట్టండి. రోడ్డు పక్కన, మురుగుకాలవ ఒడ్డున కోసినది వద్దు. లాన్ కోసిన యంత్రంలోంచి వచ్చిన గడ్డి త్వరగా పులుస్తుంది, అదీ వద్దు. వాడినదీ, పసుపు తిరిగినదీ మనం తినం కదా అని వాటికి పెట్టటం న్యాయం కాదు. ఇంతవరకు ఆకుకూర ఎరగని ప్రాణికి ఒకేసారి గుప్పెడు పెట్టకండి. ఒక రకంతో, ఒక రెమ్మతో మొదలుపెట్టి, మూడు నాలుగు రోజులు పేడికలు గట్టిగా ఉంటున్నాయో లేదో చూసి, తర్వాత పెంచండి.

ప్రశ్న: మా అబ్బాయి చెవుల దగ్గర ఎర్ర చారలున్న చిన్న తాబేలును కొని గాజు తొట్టిలో పెంచుతున్నాడు. డిప్ప మెత్తబడింది. ఆకుకూర వేస్తే ముట్టదు. మా రెండేళ్ళ చిన్నవాడు ఆ తొట్టిలో చేతులు పెడుతుంటాడు. వాడికి ఈ నెలలో రెండుసార్లు విరేచనాలు, జ్వరం వచ్చాయి. రెండింటికీ సంబంధం ఉందా?
- ఒక పాఠకుడు, హైదరాబాదు

జవాబు: ఉండవచ్చు. ముందు చిన్నవాణ్ణి డాక్టరు గారికి చూపించి, ఇంట్లో తాబేలు ఉన్న సంగతి తప్పకుండా చెప్పండి. తాబేళ్ళు, బల్లి జాతి ప్రాణులు చూడటానికి ఆరోగ్యంగా ఉన్నా వాటి పేగుల్లో సాల్మొనెల్లా అనే సూక్ష్మజీవి ఉండవచ్చు. అది తొట్టి నీళ్ళలోకి చేరుతుంది. నాలుగంగుళాల లోపు డిప్ప గల తాబేళ్ళను పెంపకానికి అమ్మటాన్ని అమెరికాలో 1975లో నిషేధించింది పసిపిల్లలకు ఈ జబ్బు వస్తున్నందుకే. అయిదేళ్ళ లోపు పిల్లలను తాబేలు గాని, తొట్టి గాని ముట్టనివ్వకండి. తొట్టిని వంటింటి తూములో కడగవద్దు. ముట్టుకున్న ప్రతిసారీ సబ్బుతో చేతులు కడుక్కోవాలి. పెద్దలకూ ఇదే నియమం.

ఇక డిప్ప మెత్తబడటం కాల్షియం లోపం. ఎండ తగలకపోవటం కూడా దీనికి కారణం. కిటికీ అద్దం గుండా వచ్చే ఎండ చాలదు. ఎముకలకు కావలసిన కిరణాలను గాజు ఆపేస్తుంది. ఉదయపుటెండలో, సగం నీడ ఉండేలా, కాపలా ఉండి కాసేపు పెట్టండి. గాజు తొట్టిని పళంగా ఎండలో పెడితే నీళ్ళు మరిగి ప్రాణి చచ్చిపోతుంది. డిప్పను డాక్టరు గారికి చూపించటం తప్పనిసరి.

ఆకుకూర ముట్టకపోవటానికి కారణం వయసు. ఈ జాతి తాబేలు చిన్నతనంలో ఎక్కువగా చిన్న చేపలు, పురుగుల వంటివి తింటుంది. పెరిగేకొద్దీ ఆకు తిండి పెరుగుతుంది. ఇది నీళ్ళలో ఉండగానే మింగగలదు కనుక గట్టు మీద పెట్టిన ఆకు దానికి తిండి కాదు. లెట్యూస్ ఆకును చింపి నీళ్ళ మీద తేలవెయ్యండి. కదిలే ఆకును వెంబడించి కొరకటం దానికి సహజం. మిగిలినది గంటలో తీసెయ్యండి.

చెరువులో వదిలేద్దామా అన్న ఆలోచన మాత్రం వద్దు. ఇది అమెరికాలోని మిసిసిపీ ప్రాంతపు జీవి. మన చెరువుల్లో చేరితే మన తాబేళ్ళ తిండికీ చోటుకీ ఎసరు పెడుతుంది. పెంచలేకపోతే డాక్టరు గారి సలహాతో, పెంచగలిగినవారికి అప్పగించండి.

ఇగ్వానాను పెంచేవారికి ఒక మాట. అది చెట్ల మీద ఆకులు తిని బతికే ప్రాణి. ఆకులు గిన్నెలో కాక కొమ్మకు తగిలించండి. మల్బరీ, మందార ఆకులు, మందార పువ్వులు, మునగాకు దానికి మంచివి. ఒళ్ళు వెచ్చబడితే గాని ఆకు జీర్ణం కాదు కనుక పొద్దున ఎండ కాగిన తర్వాత పెట్టాలి. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టానికి 2022లో వచ్చిన సవరణ, దాని కింద 2024లో వచ్చిన నిబంధనల ప్రకారం ఇటువంటి విదేశీ ప్రాణులను పెంచేవారు ప్రభుత్వం దగ్గర నమోదు చేయించుకోవాలి.

ప్రశ్న: ఇంట్లో నక్షత్ర తాబేలు ఉంటే కలిసివస్తుందని ఒకరు తెచ్చి ఇస్తామంటున్నారు. దానికి ఏ ఆకులు పెట్టాలి?
- ఒక గృహిణి, అనంతపురం

జవాబు: ఏ ఆకూ పెట్టనక్కర్లేదు. దాన్ని తీసుకోకండి. నక్షత్ర తాబేలు మన అడవుల ప్రాణి. దాన్ని ఇంట్లో పెంచటం చట్టరీత్యా నేరం. మెట్ట ప్రాంతపు పొదల్లో గడ్డి, మొక్కలు, రాలిన పండ్లు తానే వెతుక్కుని తింటుంది. దాన్ని తెచ్చి సోఫా కింద పెట్టి టొమాటో ముక్కలు వేస్తే కలిసివచ్చేదేమీ ఉండదు. ఇప్పటికే ఎవరి ఇంట్లోనైనా ఉంటే అటవీశాఖ వారికి అప్పగించటం మంచిది.

ఈ వారం ఉత్తరాలన్నిటికీ కలిపి చెప్పేది ఒకటే. బోనులో పెట్టామంటే దాని మేత వెతుక్కునే స్వేచ్ఛను మనం తీసుకున్నామన్నమాట. కనీసం కొంతైనా తిరిగి ఇవ్వటం మన బాధ్యత. రోజుకు గుప్పెడు తాజా ఆకు, దాన్ని నాలుగు చోట్ల దాచటానికి అయిదు నిమిషాలు - అంతకు మించి అది మనల్ని అడగదు.

రాజమండ్రి సోదరి నుంచి మళ్ళీ ఉత్తరం వచ్చింది. డాక్టరు గారు స్కర్వీయేనని చెప్పి మందు మొదలుపెట్టారట. వారం తర్వాత ప్రాణి తనంత తానుగా కొత్తిమీర రెమ్మ కోసం రెండడుగులు వేసిందట. వెనక కాళ్ళు పూర్తిగా బాగుపడటానికి ఇంకా కొంతకాలం పడుతుందన్నారట. అమ్మాయి పెరట్లో మూకుడు నిండా మెంతులు చల్లిందనీ, రోజూ బడికి వెళ్ళేముందు నీళ్ళు పోస్తోందనీ రాశారు. అమ్మాయికి నా ఆశీస్సులు చెప్పండి, అమ్మా. రెండో మూకుడు కూడా ఇప్పుడే చల్లమనండి.